గొడవలో ఉన్న స్థలంలో గోడ లేస్తుంటే ఏం చేయాలి

సివిల్ కోర్టులో ప్రాక్టీసు చేస్తున్నాను. నా దగ్గరికి వచ్చేవాళ్లకు మొదట చెప్పేది ఒకటే: స్లాబు పడేదాకా ఆగకండి. పునాది గుంతలు తీస్తుండగానే వస్తే పని ఆపించడం తేలిక.

ముందు ఫోటోలు. పక్కనున్న కరెంటు స్తంభమో, గుడి గోపురమో ఫ్రేములో పడేలా తీయండి. దస్తావేజు, లింకు డాక్యుమెంట్లు (అంతకు ముందరి దస్తావేజులు), ఈసీ (ఆస్తి మీద లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్), పన్ను రసీదులు జత చేసి, పని ఆపమని కోర్టు ఆదేశం కోరే ఇంజంక్షన్ దావా వేయండి. హద్దుల షెడ్యూలు మాత్రం ఒకటికి రెండుసార్లు సరిచూడాలి. తూర్పు హద్దు దస్తావేజులో ఒకలా, దావాలో ఒకలా ఉంటే అవతలి లాయరు పట్టుకునేది అక్కడే. టైటిల్ (యాజమాన్య హక్కు) మీదే తగాదా ఉంటే ఒట్టి ఇంజంక్షన్ చాలదు, హక్కు మీదని కోర్టు ప్రకటించే డిక్లరేషన్ కూడా అడగాలి. అనతుల సుధాకర్ కేసులో 2008లో సుప్రీంకోర్టు ఈ సంగతి వివరంగా చెప్పింది.

దావాతోపాటే సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 39 రూల్స్ 1, 2 కింద తాత్కాలిక ఇంజంక్షన్‌కి, ఆర్డర్ 26 రూల్ 9 కింద అడ్వొకేట్ కమిషనర్‌కి (స్థలం చూసి రమ్మని కోర్టు పంపే లాయరు) పిటిషన్లు వేయించండి. కమిషనర్ వచ్చి గోడ ఎంత ఎత్తు లేచిందో టేపు పట్టి కొలిచి రిపోర్టు ఇస్తారు. ఆ రోజు మీరు అక్కడే ఉండండి. స్వాధీనం ఎవరిదో తేల్చడం ఆయన పని కాదు, అది మీ కాగితాలే చెప్పాలి.

అవతలివాళ్లకు నోటీసు లేకుండా ఆర్డరు వస్తే, దావా, పిటిషన్ కాగితాలన్నీ వెంటనే వాళ్లకు రిజిస్టర్డ్ పోస్టులో పంపి, పంపినట్టు ఆ రోజో మర్నాడో కోర్టులో అఫిడవిట్ (ప్రమాణ పత్రం) వేయాలి. ఇది వదిలేస్తే చేతికొచ్చిన ఆర్డరు పోయే ప్రమాదం ఉంది. ఆర్డరు ఉన్నా కడుతూనే ఉంటే వీధిలో గొడవకు దిగొద్దు. ఆర్డర్ 39 రూల్ 2ఏ కింద పిటిషన్ వేయండి. ఆర్డరు మీరినవాళ్ల ఆస్తిని కోర్టు జప్తు చేయొచ్చు, వాళ్లను 3 నెలల వరకు సివిల్ జైలుకు పంపొచ్చు.

పర్మిషన్ లేని కట్టడమైతే మున్సిపాలిటీకి విడిగా అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. వాళ్లు చూసేది ప్లాను, టైటిల్ తేల్చరు.