జట్టు చేతులు మారుతున్న ఏడాది ఆటను ఎలా ఫాలో అవ్వాలి

మా పర్లాకిమిడిలో చలికాలం పొద్దున్న ఐదున్నరకి గ్రౌండ్ పక్క అరుగు మీద నలుగురు కుర్రాళ్ళు ఒకే ఫోన్ మీదకి వంగి కూర్చున్నారంటే అక్కడ అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్బీఏ మ్యాచ్ నడుస్తోందని అర్థం. పాతపట్నం నుంచి సైకిళ్ళ మీద వచ్చేవాళ్ళు కూడా ఉంటారు. సగం మాటలు తెలుగు, సగం ఒడియా, కేకలు మాత్రం అందరివీ ఒకటే. 2024 మార్చి నెలాఖరులో వాళ్ళలో ఒకడు నన్ను ఆపి, "ఏటన్నా, మన టీమ్ అమ్మకం ఆగిపోయిందంట, ఇప్పుడు ఏటౌద్ది?" అని అడిగాడు. మన టీమ్ అంటే మిన్నెసోటా టింబర్‌వోల్వ్స్. నా దగ్గర జవాబు లేదు. ఆ టెన్షన్‌లో రెండు మూడు వారాలు ఆటలు కూడా సరిగ్గా చూడలేకపోయాను, ఎంతో బాగా ఆడుతున్న రోజులవి, ఇప్పటికీ ఆ బాధ పోలేదు. మీ అభిమాన జట్టుకి అలాంటి ఏడాది వస్తే మీకు అలా కాకూడదని, అప్పటి నుంచి నేను నేర్చుకున్నది ఇక్కడ రాస్తున్నాను.

ముందు ఒక నోట్‌బుక్ తీసుకోండి. ఫోన్‌లో అయినా సరే, కానీ పుస్తకమైతే రెండేళ్ళ తర్వాత కూడా దొరుకుతుంది. ఎడమ పేజీ ఆటకి, కుడి పేజీ ఆఫీసుకి. ఎవరు ఎన్ని పాయింట్లు కొట్టారు, ఎవరికి దెబ్బ తగిలింది, డిఫెన్స్ ఎలా ఉంది, ఇవన్నీ ఎడమ వైపు. ఎవరు కొన్నారు, ఎవర్ని తీసేశారు, ఏ ఆటగాడిని ఇచ్చి ఏం తెచ్చారు, స్టేడియం గురించి ఏమన్నారు, ఇవి కుడి వైపు. రెండూ కలిపి రాయకండి. జట్టు ఓడిన ప్రతిసారీ యజమానిని, గెలిచిన ప్రతిసారీ కొత్త యజమానిని తలచుకోవడం మొదలుపెడితే ఏదీ అర్థం కాదు. చేతులు మారే ఏడాది గెలుపోటములు దాదాపుగా పాత యజమాని కట్టిన జట్టువే. కొత్తాయన చేసిన పని తెలియడానికి ఒకటిన్నర, రెండేళ్ళు పడుతుంది.

బయానా వేరు, రిజిస్ట్రేషన్ వేరు

జట్టు అమ్మకం వార్త రాగానే అయిపోయిందనుకోకండి. మన ఊళ్ళో భూమి బేరం ఎలా సాగుతుందో ఇదీ అలాగే. మాట కుదరడం, బయానా ఇవ్వడం, రిజిస్ట్రేషన్ జరగడం, మూడూ వేర్వేరు రోజులు. జట్టు విషయంలో ఒప్పందం కుదిరిన తేదీ ఒకటి, లీగ్‌లోని 30 జట్ల ప్రతినిధులు కూర్చుని ఓటేసే తేదీ ఇంకొకటి. ఒప్పుకోవాలంటే నాలుగింట మూడు వంతులు, అంటే 23 ఓట్లు కావాలి. ఆ తర్వాత డబ్బు చెల్లించి పగ్గాలు తీసుకునే తేదీ. ఈ మూడు తేదీలూ కుడి పేజీలో పైన రాసుకుని, ఏదైనా వార్త వస్తే అది ఏ తేదీకి ముందుదో, తర్వాతదో చూడండి. ముందైతే ఆ నిర్ణయం పాత యజమాని లెక్కలోకే వెళ్తుంది.

మిన్నెసోటాలో జరిగింది ఇదే. యజమాని గ్లెన్ టేలర్ 2021లో మార్క్ లోర్, అలెక్స్ రోడ్రిగెజ్‌లకి 150 కోట్ల డాలర్లకి జట్టును అమ్మడానికి ఒప్పుకున్నాడు, కానీ వాయిదాల మీద. ముందు 20 శాతం, తర్వాత ఇంకో 20, చివరికి పగ్గాలు చేతికొచ్చే 40 శాతం. ఆ చివరి వాయిదా గడువులోపు పూర్తి కాలేదని 2024 మార్చిలో టేలర్ బేరం రద్దు చేశాడు. అప్పటికి జట్టు వెస్ట్‌లో (లీగ్‌లోని పడమటి సగంలో) మొదటి స్థానం కోసం పోటీ పడుతోంది! గొడవ మధ్యవర్తుల దగ్గరికి వెళ్ళింది. 2025 ఫిబ్రవరిలో తీర్పు కొనేవాళ్ళ వైపు వచ్చింది, జూన్‌లో లీగ్ ఆమోదించింది.

ఈ పదిహేను నెలల్లో ఎడమ పేజీలో ఏముందో చూడండి. 56 గెలుపులు, 26 ఓటములు. ప్లేఆఫ్స్‌లో, అంటే సీజన్ చివర టైటిల్ కోసం ఆడే సిరీస్‌ల్లో, ఫీనిక్స్‌ని 4-0తో ఊడ్చేశారు, డిఫెండింగ్ ఛాంపియన్ డెన్వర్ మీద ఏడో మ్యాచ్‌లో 20 పాయింట్లు వెనకబడి కూడా గెలిచారు, ఆ తర్వాత వెస్ట్ ఫైనల్‌లో డాలస్ చేతిలో ఓడిపోయారు. మరుసటి ఏడాది కూడా వెస్ట్ ఫైనల్ దాకా వెళ్ళారు. జట్టు స్టార్ ఆంథొనీ ఎడ్వర్డ్స్‌ జంప్ చేసేటప్పుడు కాగితాల మీద సంతకం ఎవరిదన్నది అడ్డు రాలేదు. నేను ఆటలు మానుకుని టెన్షన్ పడింది ఇలాంటి సీజన్‌లో.

పగ్గాలు ఎవరి చేతిలో

ఎవరి దగ్గర ఎక్కువ వాటా ఉందన్నది ఒక ప్రశ్న, మాట ఎవరిది చెల్లుతుందన్నది ఇంకో ప్రశ్న. ప్రతి జట్టుకీ లీగ్‌లో 'గవర్నర్' అని ఒకరుంటారు, ఓటు ఆయనది. కొత్త వార్త చదివేటప్పుడు ఆ మాట కోసమే వెతకండి. 2023 డిసెంబరులో అప్పటి యజమాని మార్క్ క్యూబన్ డాలస్ మావెరిక్స్‌లో ఎక్కువ వాటాని ఏడెల్సన్, డుమాంట్ కుటుంబాలకి దాదాపు 350 కోట్ల డాలర్ల విలువకి అమ్మినప్పుడు, ఆట సంగతులు మాత్రం క్యూబన్ చేతిలోనే ఉంటాయని అందరూ రాశారు, అందరూ నమ్మారు. గవర్నర్ అయింది పాట్రిక్ డుమాంట్. తర్వాత ఏమైందో కింద చెప్తాను. లేకర్స్‌లో దీనికి తిరగేసి జరిగింది: బస్ కుటుంబం ఎక్కువ వాటాని మార్క్ వాల్టర్‌కి దాదాపు 1000 కోట్ల డాలర్ల విలువకి అమ్మింది, 2025 అక్టోబరులో లీగ్ ఒప్పుకుంది, గవర్నర్‌గా మాత్రం జీనీ బస్ కొనసాగింది.

ఇంకొకటి, కొత్త యజమాని మనుషుల్ని ఏ వరుసలో పెట్టుకుంటున్నాడో కూడా రాసుకోండి. ముంబైలో పుట్టిన వివేక్ రణదివే 2013లో శాక్రమెంటో కింగ్స్‌ని కొన్నప్పుడు మనకందరికీ గర్వంగా అనిపించింది, 2019లో ఆ జట్టుని ముంబైకి తీసుకొచ్చి ఆడించినప్పుడు ఇంకా ఎక్కువ. కానీ ఆయన ముందు కోచ్‌గా మైక్ మలోన్‌ని పెట్టుకుని, ఆ తర్వాత, జట్టుకి ఆటగాళ్ళని ఎంచుకునే జనరల్ మేనేజర్‌ని పెట్టుకున్నాడు. ఇల్లు కట్టేటప్పుడు మేస్త్రీ కంటే ముందు రంగులు వేసేవాణ్ణి మాట్లాడుకుంటే ఎలా ఉంటుంది? ఎవరి ఆలోచనకి ఎవరు తగ్గాలో తేలదు. 2014 డిసెంబరులో 11 గెలుపులు, 13 ఓటముల దగ్గర మలోన్‌ని తీసేశారు. అదే మలోన్ 2023లో డెన్వర్‌ని ఛాంపియన్ చేశాడు. శాక్రమెంటో మళ్ళీ ప్లేఆఫ్స్ చూసింది ఆ ఏడాదే, 16 సీజన్లు ఎదురుచూసి.

విత్తనాల గింజలు లెక్కపెట్టండి

మిగతావన్నీ వదిలేసినా ఈ ఒక్కటీ చేయండి. డ్రాఫ్ట్ పిక్ అంటే వచ్చే ఏళ్ళలో కాలేజీల నుంచీ విదేశాల నుంచీ వచ్చే కుర్రాళ్ళని ఎంచుకునే వంతు. జట్టు ఎంత బలహీనంగా ఉంటే లాటరీలో అంత మంచి వంతు వచ్చే అవకాశం ఉంటుంది. అంటే అవి విత్తనాల గింజలు. కొత్త యజమానికి జనం ముందు ఏదో చేసి చూపించాలన్న ఉత్సాహం ఉంటుంది, ఆ ఉత్సాహంలో గింజలు వండేసుకుంటున్నాడా అన్నదే మనం చూడాల్సింది.

ఫీనిక్స్ సన్స్ తీసుకోండి. పాత యజమాని రాబర్ట్ సార్వర్‌ మీద లీగ్ ఏడాది నిషేధం, కోటి డాలర్ల జరిమానా వేశాక ఆయన జట్టును అమ్మేశాడు. 400 కోట్ల డాలర్ల విలువకి మ్యాట్ ఇష్బియా కొన్నాడు. 2023 ఫిబ్రవరిలో ఓటు అయింది, ఆ వారంలోనే స్టార్ ఆటగాడు కెవిన్ డ్యురాంట్‌ని తెచ్చాడు. మా అరుగు మీద ఆ రోజు పండగే. ఇచ్చిందేమిటి? మికాల్ బ్రిడ్జెస్, క్యామ్ జాన్సన్, జే క్రౌడర్, ఇంకా 2023, 2025, 2027, 2029 సంవత్సరాల మొదటి రౌండ్ పిక్స్ నాలుగు, మధ్యలో 2028కి వంతు మార్చుకునే హక్కు. ఆ ఏడాది రెండో రౌండ్‌లో డెన్వర్ చేతిలో ఓడారు. మరుసటి ఏడాది మొదటి రౌండ్‌లో మన మిన్నెసోటా చేతిలో ఒక్క మ్యాచ్ కూడా గెలవలేదు. ఆ తర్వాతి ఏడాది 36 గెలుపులే, ప్లేఆఫ్స్ లేవు. 2025 వేసవిలో డ్యురాంట్ హ్యూస్టన్‌కి వెళ్ళిపోయాడు.

ఆ పిక్స్ ఏడాది విడిచి ఏడాది ఎందుకున్నాయో గమనించారా? వరుసగా రెండేళ్ళ భవిష్యత్ మొదటి రౌండ్ పిక్స్ ఇచ్చేయకూడదని లీగ్ నియమం ఉంది. అది కూడా ఒక యజమాని వల్ల వచ్చిందే. 1980ల మొదట్లో క్లీవ్‌ల్యాండ్ యజమాని టెడ్ స్టెపియన్ పిక్స్‌ని ఎడాపెడా ఇచ్చేస్తుంటే లీగ్ అడ్డుకోవాల్సి వచ్చింది, నియమానికి ఆయన పేరే నిలిచిపోయింది. యజమాని చేసిన పని ఆయన అమ్ముకుని వెళ్ళిపోయాక కూడా ఎన్నేళ్ళు ఉంటుందో దీన్ని బట్టి చూడండి.

ఇప్పుడు డాలస్. అమ్మకం జరిగిన సీజన్‌లోనే, 2024 జూన్‌లో, వాళ్ళు ఫైనల్స్ ఆడారు. ఎడమ పేజీ చూస్తే ఇంతకంటే గొప్ప అమ్మకం లేదనిపిస్తుంది. 2025 ఫిబ్రవరి 2, ఆదివారం, మనకి పొద్దెక్కాక వార్త వచ్చింది, జట్టు స్టార్, 25 ఏళ్ళ లూకా డాన్చిచ్‌ని లేకర్స్‌కి ఇచ్చేశారని. బదులుగా ఆంథొనీ డేవిస్, మ్యాక్స్ క్రిస్టీ, లేకర్స్ 2029 మొదటి రౌండ్ పిక్. మా వాళ్ళు అది అబద్ధమని ఒకరితో ఒకరు వాదించుకున్నారు. క్యూబన్ చేతిలో పగ్గాలు లేవని అప్పుడు అందరికీ అర్థమైంది. ఆ సీజన్ 39-43తో ముగిసింది, ఆ ట్రేడ్ (ఆటగాళ్ళ మార్పిడి) చేసిన జనరల్ మేనేజర్ నికో హారిసన్‌ని 2025 నవంబరులో తీసేశారు. 1.8 శాతం అవకాశంతో డ్రాఫ్ట్ లాటరీ తగిలి కూపర్ ఫ్లాగ్ అనే కుర్ర స్టార్ రావడం వాళ్ళ అదృష్టం. దాన్ని కుడి పేజీలో రాయకండి, ఎవరి తెలివీ కాదు.

జీతాల తగ్గింపు చూసినప్పుడు మాత్రం కాస్త ఆగి ఆలోచించండి. బోస్టన్ సెల్టిక్స్ 2024 జూన్‌లో ఛాంపియన్ అయింది, రెండు వారాలకే అమ్మకానికి పెట్టారు, బిల్ చిజమ్ 610 కోట్ల డాలర్ల విలువకి ఒప్పందం చేసుకున్నాడు. 2025 వేసవిలో జ్రూ హాలిడే, పోర్జింగిస్ వెళ్ళిపోయారు. కొత్తాయన పిసినారి అని వెంటనే అనేయొచ్చు. కానీ జట్టు స్టార్ టేటమ్‌కి మే నెలలో అకిలీస్ (మడమ వెనక స్నాయువు) తెగింది, పైగా జీతాల మొత్తం రెండో హద్దు దాటితే ట్రేడ్లు చేసుకునే దారులే మూసుకుపోయేలా కొత్త నియమాలున్నాయి. పాత యజమాని ఉన్నా ఆ కోతలు చాలావరకు జరిగేవని నా నమ్మకం.

ఊరు

కొన్నవాళ్ళు స్టేడియం గురించి మాట్లాడిన ప్రతి మాటా తేదీతో రాసుకోండి. 2006లో సియాటిల్ సూపర్‌సోనిక్స్‌ని 35 కోట్ల డాలర్లకి ఓక్లహోమా సిటీ వాళ్ళు కొన్నారు, జట్టుని సియాటిల్‌లోనే ఉంచడానికి గట్టిగా ప్రయత్నిస్తామన్నారు. కొత్త స్టేడియం కుదరలేదు. 2007లో రే అలెన్‌ని బోస్టన్‌కి పంపేశారు, రషార్డ్ లూయిస్ ఒర్లాండోకి వెళ్ళాడు, కుర్రాడు డ్యురాంట్ వచ్చాడు, జట్టు 20 మ్యాచ్‌లే గెలిచింది. 2008లో నగరానికి 4.5 కోట్ల డాలర్లు కట్టి జట్టుని ఓక్లహోమా సిటీకి తీసుకుపోయారు. పేరు, రంగులు మాత్రం సియాటిల్‌కి వదిలేశారు. 1936 ఏప్రిల్ 1న ఒడిశాకి సరిహద్దు గీత గీసినప్పుడు మా పట్నం ఒడిశాలోకి వచ్చింది, మహేంద్రతనయ నది అవతల చుట్టాలు అవతలే ఉండిపోయారు, మా తాతల కాలం మాటలు ఇంకా ఇళ్ళలో వింటుంటాం. అందుకే సియాటిల్ వాళ్ళ దుఃఖం మాకు కొంచెం తొందరగా అర్థమవుతుంది.

అదే మిల్వాకీలో జట్టు యజమాని హెర్బ్ కోల్ 2014లో 55 కోట్ల డాలర్లకి అమ్మేటప్పుడు జట్టు ఊళ్ళోనే ఉండాలని షరతు పెట్టి, కొత్త స్టేడియానికి తన చేతి నుంచి 10 కోట్లు ఇచ్చాడు. ఆ ఏడాది జట్టు గెలిచింది 15 మ్యాచ్‌లే. 2021లో ఛాంపియన్. అమ్మేవాడు ఏం అడుగుతున్నాడన్నది కూడా కుడి పేజీలోకి రావాలి.

ఇక రోజువారీ చూడటం గురించి. అన్ని మ్యాచ్‌లూ చూడక్కర్లేదు, 82 ఉంటాయి. అక్టోబరులో ఒక నాలుగు, ఫిబ్రవరిలో ట్రేడ్ గడువుకి ముందు రెండు, తర్వాత రెండు పూర్తిగా చూడండి, మిగతావి ఎన్బీఏ యూట్యూబ్ ఛానెల్‌లో హైలైట్స్ సరిపోతాయి, డేటా కూడా మిగులుతుంది. మార్చి రెండో ఆదివారం నుంచి అమెరికా గడియారం మారుతుంది, మనకి ఆట గంట ముందుకి వస్తుంది, అలారం మార్చుకోవడం మర్చిపోకండి. బ్రేకింగ్ వార్తల్ని ఆట మధ్యలో తెరవకండి, అయిపోయాక చదవండి.

సీజన్ అయ్యాక పుస్తకం పారేయకండి. నా దాంట్లో 2029 అని రాసిన పేజీ ఒకటి ఖాళీగా ఉంచాను. డ్యురాంట్ కోసం ఫీనిక్స్ ఇచ్చేసిన చివరి పిక్, డాలస్‌కి లేకర్స్ నుంచి రావాల్సిన పిక్, రెండూ ఆ ఏడాదివే. ఇప్పుడు ఎనిమిదో తరగతిలో ఉండి నాతో పాటు స్కోర్లు రాసే కుర్రాడు అప్పటికి ప్లస్ టూలో ఉంటాడు, ఆ పేజీ వాడే నింపుతానన్నాడు.