పెళ్లి పనులు, జవాబు రాని ఫోన్లు: ముందుగా తీసుకోవలసిన జాగ్రత్తలు

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అని పెద్దలు ఊరికే అనలేదు. 1967లో థామస్ హోమ్స్, రిచర్డ్ రాహే అనే ఇద్దరు అమెరికన్ మనోవైద్యులు, మనిషి జీవితాన్ని మార్చే 43 సంఘటనలను తీసుకుని, ఒక్కొక్కదానికి సర్దుకోవడానికి ఎంత శ్రమ అవసరమో అంకెల్లో చూపారు. అందులో జీవిత భాగస్వామి మరణానికి 100, ఉద్యోగం ఊడిపోవడానికి 47 రాగా, పెళ్లికి 50 వచ్చింది. శుభకార్యం ఉద్యోగం పోవడం కంటే ఒక మెట్టు పైన ఉండటం వింతగా తోచవచ్చు గానీ, ఆ పట్టిక కొలిచింది దుఃఖాన్ని కాదు, మార్పు మోపే బరువును. కాబట్టి పెళ్లి దగ్గర పడుతున్నకొద్దీ చిరాకు, నిద్రలేమి కలిగితే అది మన సంతోషంలో ఉన్న లోపమని అనుకోనవసరం లేదు.

అయితే ఆ బరువులో ఎక్కువ భాగం పనుల వల్ల వచ్చేది కాదని నా అభిప్రాయం. చేతిలో ఉన్న పని ఎంత పెద్దదైనా చేసేస్తే అయిపోతుంది, కానీ అవతలివారి నుంచి రావలసిన మాట రాకపోతే ఆ పని చేసినట్టూ కాదు, మానినట్టూ కాదు. ఫోటోగ్రాఫర్ ఫోన్ ఎత్తడు, అలంకరణవారు రేపు చెబుతామంటారు, దగ్గరి బంధువు వస్తున్నదీ లేనిదీ తేల్చరు. ఇలాంటి పది సంగతులు ఒకేసారి తలలో తిరుగుతుంటే మనిషి అలసిపోతాడు. అందువల్ల తీసుకోవలసిన జాగ్రత్తలన్నీ దాదాపు ఈ ఒక్క చోటనే మొదలుకావాలి.

మొదటి పరీక్ష అడ్వాన్స్ ఇవ్వకముందే జరగాలి. డబ్బు చేతికి రాకముందు రెండు రోజులకొకసారి జవాబిచ్చేవారు, వచ్చిన తరువాత గంటకొకసారి జవాబిస్తారని ఆశించడం అత్యాశే అవుతుంది. ధర తక్కువని, పనితనం గొప్పదని మనసు ఎంత లాగినా, అడిగిన మూడు ప్రశ్నల్లో ఒకదానికే జవాబిచ్చి మిగిలినవి దాటవేసే వారితో ఒప్పందం చేసుకోకపోవడమే మేలు. ఒప్పుకున్నవారి నుంచి మాత్రం తేదీ, రావలసిన సమయం, స్వయంగా వచ్చేది ఎవరు, ఎంతమంది, ఏయే పనులు ఆ సొమ్ములోకి వస్తాయి, మిగతా డబ్బు ఎప్పుడు ఇవ్వాలి, ఇరువైపులా ఎవరైనా విరమించుకుంటే అడ్వాన్స్ ఏమవుతుంది అన్న విషయాలను కాగితం మీద తీసుకుని, రసీదుతో పాటు భద్రపరచాలి. వారి ఫోన్ పని చేయని రోజున ఎవరిని పిలవాలో తెలిసేలా రెండవ నంబరు కూడా అడగాలి. సొమ్మంతా ముందే ఇచ్చేయకుండా, పని సాగినకొద్దీ ఇచ్చే వాయిదాలుగా విడదీసుకుంటే అవతలివారికి కూడా మనం గుర్తుంటాం.

ఫోన్లో మాట్లాడిన ప్రతి ముఖ్యమైన సంగతిని, మాట్లాడిన గంటలోపే రాతలో పంపడం అలవాటు చేసుకోవాలి. "ఇప్పుడు అనుకున్న ప్రకారం మీరు ఉదయం ఆరు గంటలకల్లా వస్తారు, మీతో మరో ఇద్దరు ఉంటారు, సరంజామా ముందు రోజు సాయంత్రమే చేరుతుంది. సరేనంటే ఒక్క మాట రాయండి" అని రాస్తే చాలు. మౌనం అర్ధాంగీకారం అంటారు కదా, పెళ్లి పనుల్లో మిగతా సగం కూడా కావాలి. అందుకే "జవాబు రాకపోతే ఒప్పుకున్నట్టే" అని రాసి ఊరుకోవడం కంటే, ఆ "సరే" అన్న మాట వచ్చేదాకా ఆ పనిని పూర్తయిన వాటిలో చేర్చకుండా ఉండటం క్షేమం.

వాట్సాప్ మీద ఆధారపడేవారు దాని గుర్తులను సరిగా చదవాలి. ఒక్క టిక్కు మన ఫోన్ నుంచి వెళ్లిందని, రెండు టిక్కులు అవతలి ఫోన్‌కు చేరిందని మాత్రమే చెబుతాయి. నీలం రంగు చూశారని చెబుతుంది గానీ ఒప్పుకున్నారని కాదు, పైగా ఆ గుర్తును ఆపివేసుకున్నవారు చదివినా నీలం రాదు. గ్రూపులో అందరూ చదివితే గానీ రంగు మారదు కాబట్టి, ఒక్కరు చూడవలసిన మాటను గ్రూపులో వేసి ఎదురుచూడటం వృథా. తమంతట మాయమయ్యే సందేశాల సదుపాయం ఆ సంభాషణలో ఉందేమో చూసి, ఉంటే తీసివేయించాలి, లేకపోతే కుదుర్చుకున్న లెక్కలు 24 గంటల్లోనో, 7 రోజుల్లోనో, 90 రోజుల్లోనో కనబడకుండా పోతాయి. వాయిస్ మెసేజ్‌లో ధర చెబితే దాన్ని రాసి తిరిగి పంపాలి. నాలుగు నిమిషాల మాటల్లో ఆ ఒక్క అంకె ఎక్కడుందో నెల తరువాత వెతకడం ఎంత కష్టమో అనుభవించినవారికి తెలుసు.

ఇన్ని చేసినా జవాబు రాని సందర్భాలు ఉంటాయి. అప్పుడు ఏం చేయాలన్నది కోపం వచ్చిన రోజున కాక, ముందే నిర్ణయించుకోవాలి. సందేశం పంపిన రెండు రోజులకు ఫోన్, మరో రెండు రోజులకు రెండవ నంబరు, ఆ తరువాత ఫలానా తేదీలోగా చెప్పకపోతే వేరే ఏర్పాటు చేసుకుంటామని మర్యాదగా రాత, ఆపైన ప్రత్యామ్నాయం. ఆ ప్రత్యామ్నాయం పేరు, నంబరు మొదటి రోజునుంచే దగ్గర ఉంటే రాత్రి నిద్ర పడుతుంది. అయితే మరొకరిని కుదుర్చుకునే ముందు పాత ఒప్పందంలోని విరమణ షరతులను ఒకసారి చదవడం మరువకూడదు.

కుటుంబాల మధ్య మాటలు ఇంతకంటే సున్నితమైనవి. అక్కడ రసీదులు పనిచేయవు. ఇరువైపులా ఒక్కొక్కరిని నియమించి, ఏ నిర్ణయమైనా ఆ ఇద్దరి ద్వారానే అటూ ఇటూ వెళ్లేలా చూసుకుంటే, ఎవరో ఒకరు చెప్పే ఉంటారులే అన్న భ్రమ తగ్గుతుంది. ముఖ్యంగా "చూద్దాం" అన్న మాటతో జాగ్రత్తగా ఉండాలి. మన భాషలో అది అంగీకారం కావచ్చు, ఆలస్యం కావచ్చు, నొప్పించని తిరస్కారం కూడా కావచ్చు. "మంచిది, ఆదివారానికి తేల్చుకుందామా?" అని అక్కడికక్కడే ఒక తేదీని జోడిస్తే ఎదుటివారికి బలవంతం అనిపించదు, మనకు అనిశ్చితి మిగలదు. వధూవరులు కూడా రోజులో కొంత సేపు పెళ్లి పనుల ప్రస్తావన లేకుండా మాట్లాడుకోవాలి, లేకపోతే ఇద్దరూ ఒకరికొకరు గుమాస్తాలుగా మిగులుతారు.

రాత్రి మంచం మీద పనులు గుర్తుకొస్తున్నవారు, పడుకునే ముందు ఐదు నిమిషాలు మరునాటి పనులను కాగితం మీద రాసుకోవాలి. 2018లో వెలువడిన ఒక ప్రయోగంలో, అలా రాసినవారు అప్పటికే పూర్తిచేసిన పనులను రాసినవారికంటే త్వరగా నిద్రపోయారు. కెఫీన్ ప్రభావం చాలా గంటలు ఉంటుంది కాబట్టి సాయంత్రం కాఫీ తగ్గించడం మంచిది. రాత్రి పదకొండు గంటలకు కోపంతో రాసిన సందేశాన్ని పంపకుండా ఉంచి, పొద్దున చదివి చూడాలి. వారాల తరబడి నిద్ర, ఆకలి దెబ్బతింటే మాత్రం వైద్యుణ్ణి కలవాలి.

ముహూర్తానికి వారం ముందు ఒకసారి, ముందు రోజు మరొకసారి అందరినీ పిలిచి సమయాలను ఖరారు చేసుకోవాలి. పేర్లు, రెండేసి నంబర్లు, రావలసిన వేళలు, ఇవ్వవలసిన మిగతా సొమ్ము ఒకే కాగితం మీద అచ్చు వేయించి ముగ్గురికి ఇవ్వాలి, ఎందుకంటే ఫోన్ ఛార్జింగ్ సరిగ్గా ఆ రోజే అయిపోతుంది. ఆ రోజు వచ్చే ఫోన్లకు జవాబు చెప్పవలసింది వధూవరులు గానీ, వారి తల్లిదండ్రులు గానీ కాదు, ఆ కాగితాన్ని ముందే రెండుసార్లు చదువుకున్న వేరొక మనిషి.