పాత హ్యామ్ రేడియో పత్రికలు: వెతికితే దొరకట్లేదా, సర్క్యూట్ కనపడట్లేదా?

హ్యామ్ రేడియో (సరదాకి సొంతంగా రేడియో సెట్లు నడిపే హాబీ) మీద 1960 నుంచి 2003 దాకా వచ్చిన ‘73’ అనే మ్యాగజైన్ సంచికలు ఇంటర్నెట్ ఆర్కైవ్ సైట్లో ఫ్రీగా ఉన్నాయి. 1968లో మొదలై 1990లో ఆగిపోయిన ‘హ్యామ్ రేడియో’ అనే పత్రిక, ఇంగ్లండ్‌లో వచ్చిన షార్ట్ వేవ్ మ్యాగజైన్ లాంటివి వరల్డ్ రేడియో హిస్టరీ సైట్లో దొరుకుతాయి. పైసా ఖర్చు లేకుండా ఇంత సరుకు దొరుకుతుంటే చాలామంది మొదటిరోజే విసుగొచ్చి మూసేస్తున్నారు, అందుకే ఇది రాస్తున్నా.

సెర్చ్ కొడితే ఏమీ రావట్లేదు

ఎక్కువసార్లు ఆ వ్యాసం ఉంటుంది, మనం కొట్టే మాటే అందులో ఉండదు. ఆ రోజుల్లో కెపాసిటర్‌ని కండెన్సర్ అనేవాళ్లు, పికోఫారడ్ బదులు మైక్రోమైక్రోఫారడ్, మెగాహెర్ట్జ్ బదులు మెగాసైకిల్స్. ఇంగ్లండ్ పత్రికల్లో అయితే యాంటెనా కాదు ఏరియల్, ట్యూబ్ కాదు వాల్వ్. 1960ల పత్రికలో 7 ఎంహెచ్‌జెడ్ అని వెతికితే ఏం వస్తుంది చెప్పండి, 7 ఎంసీ అని కొట్టి చూడండి. ఇంకో కారణం, స్కాన్ బొమ్మలోంచి అక్షరాలు చదివే ఓసీఆర్ ఆ సన్న అచ్చు దగ్గర తడబడుతుంది, సున్నాని ఓ అనీ ఒకటిని ఎల్ అనీ చదువుతుంది, కాబట్టి కాల్‌సైన్‌తోనో (హ్యామ్‌కి ఇచ్చే అక్షరాలూ అంకెల గుర్తింపు పేరు) ట్యూబ్ నంబర్‌తోనో కాకుండా శీర్షికలో ఉండే మామూలు మాటతో వెతకడం నయం. అప్పటికీ దొరక్కపోతే డిసెంబర్ సంచిక తెరవండి, చాలా పత్రికలు ఆ ఏడాది వ్యాసాల పట్టిక అందులోనే వేసేవి.

సర్క్యూట్‌లో విలువలు అలుక్కుపోయాయి

ఫైల్ సైజు తగ్గించడానికి పీడీఎఫ్‌ని బాగా నొక్కేస్తారు, ముందు పోయేది సన్న గీతలూ చుక్కలూ. ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో అయితే డౌన్‌లోడ్ ఆప్షన్స్‌లో షో ఆల్ నొక్కి జేపీ2 జిప్ దించుకోండి, సైజు చాలా పెద్దదే కానీ పేజీ బొమ్మ శుభ్రంగా ఉంటుంది, బొమ్మలు దిద్దే జింప్ సాఫ్ట్‌వేర్‌లో తెరుచుకుంటుంది.

చుక్క సంగతి మాత్రం జాగ్రత్త. అమెరికా పత్రికలు పాయింట్ ముందు సున్నా వెయ్యవు, ఉత్త .01 అని వేస్తాయి. చుక్క పోతే 01 అని మిగుల్తుంది, అది చూడగానే పట్టేయొచ్చు. కానీ రెసిస్టర్ విలువ 4.7కెలో (4.7 వేల ఓమ్స్) చుక్క పోతే 47కె అవుతుంది, అదీ బజార్లో దొరికే విలువే కాబట్టి అనుమానమే రాదు. ఒక పాత సంచిక చూసి ఆసిలేటర్ కట్టినప్పుడు నాకు ఇదే అయింది, సాయంత్రమంతా ట్రాన్సిస్టర్లు మార్చి మార్చి చూశా, చివరికి కింద పార్ట్స్ లిస్ట్ చదివితే 4.7 అని స్పష్టంగా ఉంది. అప్పట్నుంచీ బొమ్మ, పార్ట్స్ లిస్ట్, వ్యాసం మూడూ పక్కపక్కన పెట్టుకోకుండా సోల్డరింగ్ ఐరన్ వేడి చెయ్యట్లేదు.

అచ్చం అలాగే కట్టినా పనిచెయ్యట్లేదు

తప్పు పత్రికదే కావచ్చు. సవరణలు తర్వాతి రెండు మూడు నెలల సంచికల్లో, ఒక్కోసారి పాఠకుల ఉత్తరాల్లో వేస్తారు, కాబట్టి ఒక వ్యాసం దించుకుంటే ఆ తర్వాతి మూడు సంచికలు కూడా దించుకోండి. పవర్ సప్లై అయితే ఇంకో మాట: అమెరికా సర్క్యూట్లు 117 వోల్టులు, 60 హెర్ట్జ్‌కి రాసినవి. మనకి 230, 50. అక్కడి ట్రాన్స్‌ఫార్మర్‌ని వోల్టేజ్ తగ్గించే స్టెప్‌డౌన్ పెట్టి వాడినా 50 హెర్ట్జ్ దగ్గర కోర్ ఎక్కువ వేడెక్కుతుంది, మన కరెంటుకి చుట్టిన ట్రాన్స్‌ఫార్మరే వాడండి.

డౌన్‌లోడ్ సగంలో ఆగిపోతోంది

బ్రౌజర్ వదిలేసి, ఆగిన చోటినుంచి మళ్లీ అందుకునే డౌన్‌లోడ్ మేనేజర్ వాడండి, లేదా ఆర్కైవ్ ఇచ్చే టొరెంట్ తీసుకోండి.

క్యూఎస్‌టీ ఎక్కడా లేదేంటి?

1915 నుంచి వస్తున్న ఆ హ్యామ్ పత్రిక పూర్తి ఆర్కైవ్‌ని అమెరికా హ్యామ్‌ల సంఘం ఏఆర్ఆర్ఎల్ తన సభ్యులకే ఇస్తుంది. దాని కోసం ఎక్కడెక్కడో లింకులు నొక్కకండి, సభ్యత్వం ఉన్న స్నేహితుణ్ణి అడిగి అతని దగ్గర కూర్చుని చదువుకోండి.