ఫీల్డ్ గైడ్ చూసి పక్షిని గుర్తుపట్టడం ఎలా?

చాలామంది ఫీల్డ్ గైడ్ (పక్షుల్ని గుర్తుపట్టడానికి వెంట తీసుకెళ్లే పుస్తకం) కొంటారు, రెండు మూడుసార్లు చెరువు గట్టుకు పట్టుకెళ్తారు, తర్వాత "ఇందులో ఏదీ దొరకదు" అని అలమరలో పడేస్తారు. పక్షి ఎదురుగా ఉండగా తలదించుకుని పేజీలు తిప్పితే దొరకదు మరి. పేజీ దొరికేలోపు పక్షి లేచిపోతుంది.

కావాల్సినవి

మీ ప్రాంతపు గైడ్, 8x42 బైనాక్యులర్స్ (ఎనిమిది రెట్లు పెద్దగా చూపేవి, ముందు కటకం 42 మి.మీ.), జేబులో పట్టే నోట్‌బుక్, పెన్సిల్. 10x బైనాక్యులర్స్ వద్దు, చెయ్యి కాస్త వణికినా బొమ్మ కదిలిపోతుంది.

గైడ్ ఎంత చిన్న ప్రాంతానిదైతే అంత మంచిది. భారత ఉపఖండం మొత్తంలో 1,300కు పైగా పక్షి జాతులు ఉన్నాయి. అన్నిటినీ ఒకే పుస్తకంలో చూస్తూ కూర్చుంటే, హిమాలయాలు దాటి కిందికి రాని పిట్టను కూడా మన పొలంలో చూశామనుకుంటాం. దక్షిణ భారతానికే పరిమితమైన గైడ్ తీసుకుంటే సగం తప్పులు అక్కడే ఆగిపోతాయి.

ఫొటోల గైడ్ కాకుండా బొమ్మలు గీసిన గైడే కొనండి. ఫొటోలో ఒక పక్షి, ఒక రోజు, ఒక వెలుతురులో ఎలా ఉందో అంతే ఉంటుంది. చిత్రకారుడైతే మగ, ఆడ, పిల్ల పక్షుల్ని ఒకే భంగిమలో పక్కపక్కనే గీస్తాడు, తేడా కంటికి ఆనుతుంది. పోలిక ఉన్న పక్షుల్ని ఒకచోట చేర్చి, తేడా ఎక్కడుందో చూపే ఈ పద్ధతి 1934లో వచ్చిన రోజర్ టోరీ పీటర్సన్ అమెరికన్ గైడ్‌తో బాగా ప్రచారంలోకి వచ్చింది. ఇప్పటికీ దానికి మించింది నాకు కనిపించలేదు.

ఇంట్లో ఉన్నప్పుడే పుస్తకం తిరగేయండి

గైడ్‌లో పక్షులు రంగుల ప్రకారం ఉండవు, కుటుంబాల ప్రకారం ఉంటాయి. బాతులు ఎక్కడ, కొంగలు ఎక్కడ, గద్దలు ఎక్కడ, చిన్న పిట్టలు ఎక్కడ అన్నది చేతికి అలవాటు కావాలి. వారం పాటు రోజూ పది నిమిషాలు తిరగేస్తే చాలు.

పక్షి కనిపించగానే

పుస్తకం సంచిలోనే ఉంచండి. ముందు సైజు చూడండి: పిచ్చుకంతా, గోరువంకంతా, కాకంతా? తర్వాత ముక్కు ఆకారం, కాళ్లు, తోక. ఎక్కడ కూర్చుంది, ఏం చేస్తోంది. రంగు చివర్లో. రంగు వెలుతురును బట్టి మారిపోతుంది, ముక్కు ఆకారం మారదు. చూసినవన్నీ నోట్‌బుక్‌లో రాసుకున్నాకే గైడ్ తెరవండి. ముందే తెరిస్తే బొమ్మలో ఉన్నవి పక్షిలో కనిపించడం మొదలవుతాయి.

అసలు చిక్కు ఇక్కడే

సరైన పేజీ దొరికింది. అందులో నాలుగు పక్షులు దాదాపు ఒకేలా ఉన్నాయి. ఎక్కువమంది "ఇదే దగ్గరగా ఉంది" అని ఒక బొమ్మ మీద వేలు పెట్టి పేరు రాసేసుకుంటారు. దయచేసి ఆ పని చెయ్యకండి. మీ పక్షికి ఏ పేరు కుదురుతుందో చూసేముందు, మిగతా మూడూ ఎందుకు కావో చెప్పగలగాలి.

తెల్ల కొంగల్నే తీసుకోండి. నీళ్లలో నిలబడ్డ తెల్ల పక్షి ప్రతిదాన్నీ "కొంగ" అని వదిలేస్తాం. చిన్న తెల్ల కొంగకు ముక్కు నలుపు, కాళ్లు నలుపు, వేళ్లు మాత్రం పసుపు. బురదలో నిలబడితే ఆ వేళ్లు కనపడవు. ఎగిరేదాకా ఆగండి, తోక వెనక పసుపు పాదాలు వేలాడుతూ కనిపిస్తాయి. పశువుల వెంట తిరిగే కొంగ పొట్టిది, ముక్కు పసుపు. గుడ్లు పెట్టే కాలంలో దాని తల, మెడ, వీపు నారింజ రంగుకు తిరుగుతాయి. పెద్ద తెల్ల కొంగకూ, మధ్యరకం కొంగకూ తేడా చెప్పడమే కష్టం. అక్కడ నోటి చీలిక, అంటే ముక్కు మొదట్నుంచి కంటి వైపు పోయే గీత, చూడాలి. పెద్ద కొంగకు ఆ గీత కంటిని దాటి వెనక్కి పోతుంది, మధ్యరకానికి కంటి కిందే ఆగిపోతుంది. దూరం నుంచి ఇది కనపడదు. దగ్గరికి వచ్చేదాకా ఓపిక పట్టాలి.

ముక్కు రంగును నమ్ముకుని ఇక్కడ బోల్తా పడేవాళ్లు చాలామంది. పెద్ద కొంగకు మామూలుగా పసుపు ముక్కే ఉన్నా, జతకట్టే కాలంలో అది నల్లబడుతుంది. అప్పుడు నల్ల ముక్కు చూసి చిన్న తెల్ల కొంగ అని రాసేస్తారు. గైడ్‌లో ఆ కాలపు బొమ్మ పక్కనే ఉంటుంది, ఎవరూ చూడరు. కోకిల విషయంలోనూ ఇంతే. నల్లటి మగదాన్ని అందరూ గుర్తుపడతారు, గోధుమ రంగు మీద తెల్ల చుక్కలున్న ఆడదాన్ని వేరే పక్షి అనుకుంటారు.

తర్వాత గైడ్‌లో ఆ పక్షి ఎక్కడెక్కడ ఉంటుందో చూపే మ్యాప్ చూడండి. ఏడాది పొడవునా ఉండే చోటుకు ఒక రంగు, చలికాలంలోనే వచ్చే చోటుకు ఇంకో రంగు ఉంటుంది. ఏ రంగు దేనికో పుస్తకాన్ని బట్టి మారుతుంది కాబట్టి ముందు పేజీల్లో వివరణ చదవండి. నీళ్ల అంచున తోక ఊపుతూ తిరిగే నలుపు తెలుపు వాగ్‌టెయిల్ మే నెలలో కనిపిస్తే, అది దాదాపుగా ఇక్కడే స్థిరంగా ఉండేదే. దానికి తలంతా నలుపు, కంటిపైన తెల్ల గీత. నుదురు తెల్లగా ఉండే వాగ్‌టెయిల్ మనకు చలికాలపు అతిథి.

చివరగా బొమ్మ ఎదురుగా ఉన్న రాత చదవండి. దీన్ని పోలిన పక్షులేవో, తేడా ఏమిటో, కూత ఎలా ఉంటుందో అక్కడే ఉంటుంది. బొమ్మలు మాత్రమే చూసేవాళ్లు గైడ్‌లో సగం వదిలేసినట్టే.

ఫోన్ యాప్‌తో సరిపోదా అని అడుగుతారు. కూత విని పేరు చెప్పే మెర్లిన్ లాంటివి నేనూ వాడతాను, కానీ మొదటి ఏడాది వద్దంటాను. యాప్ పేరు చెప్పేస్తే కన్ను అక్కడితో ఆగిపోతుంది, నోటి చీలిక దాకా పోదు. పక్షుల్ని చూసినవాళ్లు తమ వివరాలు నమోదు చేసే ఈబర్డ్ మాత్రం మొదటి రోజు నుంచీ వాడొచ్చు. మీ ప్రాంతంలో ఏ పక్షి ఏ నెలలో కనిపిస్తోందో వారాలవారీగా చూపిస్తుంది, మ్యాప్ చెప్పినదాన్ని సరిచూసుకోవచ్చు.

రాసుకోవడం

పేరు తేలితే తేదీ, చోటు, ఏ గుర్తును బట్టి తేల్చారో రాయండి. తెలుగు పేర్లు ఊరికొకలా ఉంటాయి, ఇంగ్లిష్ పేర్లు కొత్త ముద్రణల్లో మారుతుంటాయి కాబట్టి పక్కన శాస్త్రీయ నామం కూడా ఉండాలి. పేరు తేలకపోతే "తెల్ల కొంగ, నోటి చీలిక కనపడలేదు" అని ఉన్నదున్నట్టు రాయండి. ఊహించి పేరు మాత్రం రాయొద్దు.