ప్రమాద పరిహారం చాలలేదని హైకోర్టుకు వెళ్తున్నారా? ముందు ఇవి చూసుకోండి

రోడ్డు ప్రమాదంలో గాయపడిన మనిషికి ట్రిబ్యునల్ (ప్రమాద పరిహారం కేసులు విచారించే కింది కోర్టు) ఇచ్చిన పరిహారం తక్కువ అనిపిస్తే మోటారు వాహనాల చట్టం 173వ సెక్షన్ కింద హైకోర్టులో అప్పీలు వేసుకోవచ్చు. అక్కడ కేసు మళ్లీ మొదటినుంచి నడవదు. కింది కోర్టులో దాఖలైన కాగితాలు, సాక్ష్యాల మీదే వాదన సాగుతుంది. అందుకే అప్పీలు కాగితాల మీద సంతకం పెట్టేముందే రికార్డులో ఏముందో, ఏం లేదో తేల్చుకోవాలి.

మొదట గడువు. అవార్డు, అంటే ట్రిబ్యునల్ తీర్పు, వచ్చిన తేదీ నుంచి 90 రోజులు. సర్టిఫైడ్ కాపీకి తీర్పు వచ్చిన వెంటనే దరఖాస్తు పెట్టండి. కాపీ తయారు కావడానికి పట్టిన రోజులు గడువులోంచి మినహాయిస్తారు కానీ, మీరు దరఖాస్తు పెట్టకుండా జాప్యం చేసిన రోజులు మీ లెక్కలోనే పడతాయి. గడువు దాటితే ఆలస్యాన్ని మన్నించమని విడిగా పిటిషన్ వేసి, సరైన కారణం చూపాలి. ఆసుపత్రిలో ఉన్నట్టయితే డిశ్చార్జ్ కాగితాలు జతచేయండి. ఆలస్యాన్ని మన్నించినా, ఆ కాలానికి పెంచిన మొత్తంపై వడ్డీ ఇవ్వబోమని కోర్టు షరతు పెట్టవచ్చు.

తగాదాలో ఉన్న మొత్తం లక్ష రూపాయలకు తక్కువైతే అప్పీలే కుదరదు. లోక్ అదాలత్‌లో రాజీపడి తీసుకున్న అవార్డుపై కూడా అప్పీలు లేదు. కాబట్టి రాజీకి ఒప్పుకునేముందే లెక్క వేసుకోవాలి, తర్వాత కాదు.

ఇక అసలు పని: అవార్డును పద్దుల వారీగా విడదీయడం. మందులు, ఆసుపత్రి ఖర్చు, రవాణా, పోషకాహారం, తోడుగా ఉన్న మనిషి ఖర్చు, చికిత్స రోజుల్లో పోయిన సంపాదన, వైకల్యం వల్ల ఇకముందు పోయే సంపాదన, ముందు అవసరమయ్యే చికిత్స, నొప్పి బాధ, జీవితంలో కోల్పోయిన సౌఖ్యాలు. ఒక్కో పద్దుకూ మీరు అడిగింది, రుజువు ఉన్నది, ట్రిబ్యునల్ ఇచ్చింది పక్కపక్కనే రాయండి. బిల్లు ఉన్నా ఇవ్వని చోట అప్పీలుకు బలం ఉంటుంది. బిల్లే లేని చోట ఎంత వాదించినా పెద్దగా పెరగదు.

ఎక్కువ తేడా వచ్చేది ఇకముందు పోయే సంపాదన దగ్గరే. ప్రమాదం నాటికి 34 ఏళ్ల వయసుండి సొంత పని చేసుకునే మనిషి, నెలకు 12,000 రూపాయల రాబడి అనుకుందాం. ఆ వయసుకు మల్టిప్లయర్, అంటే ఏడాది రాబడిని గుణించాల్సిన సంఖ్య, 16. ట్రిబ్యునల్ వైకల్యాన్ని 20 శాతంగా తీసుకుంటే 12,000 × 12 × 16లో 20 శాతం, అంటే 4,60,800 రూపాయలు వస్తుంది. భవిష్యత్తులో రాబడి పెరుగుతుందన్న లెక్కన సొంత ఉపాధి ఉన్న 40 ఏళ్ల లోపువారికి 40 శాతం కలపాలని 2017లో ప్రణయ్ సేథి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది చనిపోయినవారి కేసు. గాయపడినవారికీ ఆ కలుపు వర్తిస్తుందని 2020లో పప్పు దేవ్ యాదవ్ కేసులో స్పష్టం చేసింది. అలా నెలకు 16,800 చేసి, సంపాదన నష్టాన్ని 40 శాతంగా నిలబెట్టగలిగితే 12,90,240 రూపాయలవుతుంది. చనిపోయినవారి కేసుల్లో సొంత ఖర్చుల కింద తీసే కోత గాయపడిన మనిషి కేసులో ఉండకూడదు. మీ అవార్డులో ఉందేమో చూడండి.

అయితే సంపాదన నష్టం కింద చూపిన ఆ 40 శాతం ఎక్కడి నుంచి వస్తుంది? ఇక్కడే చాలా అప్పీళ్లు నీరుగారిపోతాయి. కాలికి 40 శాతం వైకల్యం అని రాస్తే అది మొత్తం శరీరానికి 40 శాతం కాదు, సంపాదనలో 40 శాతం నష్టమూ కాదు. 2010లో రాజ్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఈ తేడాను వివరంగా చెప్పింది: ఆ మనిషి చేసే పని ఏది, ఆ గాయంతో అందులో ఏం చేయగలడు, ఏం చేయలేడు, వేరే పని చేసుకోగలడా అన్నది చూడాలి. మోకాలు వంగని లారీ డ్రైవరుకు పూర్తి నష్టం కావచ్చు. కుర్చీలో కూర్చుని పనిచేసే ఉద్యోగికి జీతం అసలు తగ్గకపోవచ్చు. సదరం సర్టిఫికెట్ ఒక్కటే పెట్టి, డాక్టరును సాక్షిగా పిలవకపోతే శాతాన్ని తగ్గించే అవకాశం ట్రిబ్యునల్‌కు మనమే ఇచ్చినట్టు. హైకోర్టులో కొత్త సాక్ష్యం కావాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 27 కింద పిటిషన్ వేసి, ట్రిబ్యునల్‌లో అప్పుడే ఎందుకు పెట్టలేకపోయారో నమ్మదగిన కారణం చెప్పాలి.

ప్రమాదంలో మీ తప్పూ కొంత ఉందని ట్రిబ్యునల్ కోత పెట్టి ఉంటే, దాన్నీ అప్పీలులో ప్రత్యేక అభ్యంతరంగా రాయించండి. పరిహారం ఒక్కటే పెంచమంటే పెంచిన దాంట్లోనూ ఆ కోత పడుతుంది.

అప్పీలు ఒకవైపే కోసే కత్తి కాదు. మీరు వేయగానే ఇన్సూరెన్స్ కంపెనీ కూడా క్రాస్ అబ్జెక్షన్స్ (అదే అప్పీలులో ఎదుటివారు అవార్డుపై వేసే సొంత అభ్యంతరాలు) వేసి తగ్గించమనవచ్చు. ఏదైనా పద్దులో రుజువుకు మించి వచ్చిందనిపిస్తే లాయరుతో దాచకుండా మాట్లాడి, నిజంగా వెళ్లాలా అన్నది తేల్చుకోండి. మరోవైపు కంపెనీయే ముందు అప్పీలు వేసి మీకు నోటీసు వస్తే చూస్తూ ఊరుకోవద్దు. మీ అప్పీలో, క్రాస్ అబ్జెక్షన్సో లేకపోతే ఇచ్చినదాన్ని కాపాడుకోగలరు గానీ పెంపు రాదని 2011లో రంజన ప్రకాశ్ కేసు తేల్చింది. క్రాస్ అబ్జెక్షన్స్‌కు నోటీసు అందిన నాటి నుంచి ఒక నెల గడువు.

క్లెయిమ్‌లో అడిగినదానికన్నా ఎక్కువ కోరవచ్చా అంటే, కోరవచ్చు. న్యాయమైన పరిహారం అడిగినదాన్ని మించినా ఇవ్వవచ్చని 2002లో నాగప్ప కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అదనపు మొత్తానికి కోర్టు ఫీజు ఎంతో ముందే అడిగి తెలుసుకోండి. లాయరు ఫీజు భరించలేకపోతే హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీకి దరఖాస్తు చేయండి. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, వైకల్యం ఉన్నవారు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత సాయానికి అర్హులు.

పెంపు కోసం అప్పీలు వేశాం కదా అని ఇప్పటికే వచ్చిన అవార్డును వదిలేయకండి. కంపెనీ స్టే తెచ్చుకోకపోతే ఆ డబ్బు వసూలుకు ట్రిబ్యునల్‌లోనే పిటిషన్ వేయవచ్చు. డిపాజిట్ అయిన సొమ్ము తీసుకునేటప్పుడు మాత్రం, ‘నాకు పూర్తిగా ముట్టింది, ఇక ఏ క్లెయిమూ లేదు’ అనే కాగితంపై సంతకం చేయకండి.