జాజ్ వినడం నేర్చుకుందాం – 6వ పాఠం: యాన్ గార్బరెక్, ఒక్క స్వరం

పోయిన పాఠంలో అమెరికన్ సాక్సోఫోన్ వాదకుడు జాన్ కోల్ట్రేన్ ‘కౌంట్‌డౌన్’ ఇచ్చి, అందులో సాక్సోఫోన్ ఎన్ని స్వరాలు వాయించిందో లెక్కపెట్టమన్నాను. ఎవరూ లెక్కపెట్టలేరని తెలిసే అడిగాను. డ్రమ్స్ అయ్యాక సాక్సోఫోన్ అందుకుంటుందే, అక్కడి నుంచి పది సెకన్లు కూడా నా వల్ల కాలేదు. పాటంతా రెండున్నర నిమిషాల లోపే. అంతలోనే అంత వాన.

1961లో నార్వేలో ఒక పద్నాలుగేళ్ల కుర్రాడు రేడియోలో ఈ పాటే విని, సాక్సోఫోన్ కావాలని కూర్చున్నాడు. వాయిద్యం చేతికొచ్చేలోపే పుస్తకం చూసి ఏ స్వరానికి ఏ వేలో నేర్చేసుకున్నాడు. మరుసటి ఏడాదే ఔత్సాహికుల జాజ్ పోటీలో గెలిచాడు. ఆ కుర్రాడే యాన్ గార్బరెక్. 1947లో మూసెన్‌లో పుట్టాడు. నాన్న పోలండ్ నుంచి యుద్ధఖైదీగా వచ్చినవాడు, అమ్మ నార్వే రైతుబిడ్డ. పెరిగింది ఓస్లోలో.

ఈయన్ని పాఠానికి ఎందుకు ఎంచుకున్నానంటే, కోల్ట్రేన్ వానతో మొదలైన ఈ మనిషి ఏడాదికేడాది స్వరాలు తగ్గించుకుంటూ పోయాడు. కొత్తగా వినేవాళ్లకి ఇంతకంటే మంచి మాస్టారు నాకు తెలిసినంతలో లేడు. స్వరాలు తక్కువ కాబట్టి ఒక్కోదాన్నీ పట్టుకుని చూడొచ్చు. ఈవారం నేర్చుకోబోయేది అదే: పాటని కాదు, ఒక్క స్వరాన్ని వినడం.

ముందు చిన్న సాధన. 1976లో చేసిన ‘డిస్’ ఆల్బమ్‌లో మొదటి పాట ‘వాండ్రెరె’ పెట్టుకోండి. ఇయర్‌ఫోన్స్ ఉంటే మంచిది, ఫోన్ స్పీకర్‌లో సగం పోతుంది. వెనకాల ఒక హోరు వినిపిస్తుంది. అది సింథసైజర్ కాదు, గాలివీణ. పెట్టెమీద తీగలు బిగించి గాలికి ఎదురుగా పెడతారు, ఎవరూ మీటరు. గాలి తాకిడికి తీగ తనంతట తనే కదిలి పలుకుతుంది. గాలి జోరు పెరిగితే అదే తీగ ఇంకా పై స్థాయిలో పలుకుతుంది. నార్వే తీరంలో ఉత్తర సముద్రం గాలికి పెట్టి రికార్డు చేసిన ధ్వని అది. ఇక మనుషులు వాయించేది రాల్ఫ్ టౌనర్ గిటార్, గార్బరెక్ సాక్సోఫోన్, అంతే.

ఇప్పుడు సాక్సోఫోన్ పట్టిన ఒక్క పొడుగు స్వరాన్ని ఎంచుకోండి. ఏదైనా పర్లేదు. దాన్ని మూడు ముక్కలుగా వినాలి. ఎలా మొదలైంది? గార్బరెక్ చాలాసార్లు స్వరం మీదకి నేరుగా దిగడు. కింద నుంచి జారి వచ్చి అక్కడ నిలుస్తాడు. మన సంగీతం విన్నవాళ్లకి ‘జారు’ అనే మాట గుర్తొస్తుంది, ఇక్కడికి అది చాలు. మధ్యలో ఏం జరిగింది? కదలకుండా ఉందా, వణికిందా, చివర్లో వణికిందా? మామూలుగా ఈయన మొదట కొయ్యలా నిలబెట్టి, వదిలేముందు కొంచెం వణికిస్తాడు. మూడోది ముఖ్యం. ఊపిరి ఆగాక ఆ స్వరం ఎంతసేపు గాల్లో ఉంది? ఆ తోకని వినకపోతే గార్బరెక్‌ని విననట్టే.

ఇదంతా ఒకేసారి పట్టుకోవాలని టెన్షన్ పడకండి. మొదటిసారి మొదలు మాత్రమే వినండి, రెండోసారి మధ్య, మూడోసారి తోక. కాయితం మీద ఒక్కో స్వరానికి ఒక గీత గీయండి. జారుతూ వస్తే వంపుగా, నిలబడితే తిన్నగా, ఆరిపోతుంటే చుక్కలుగా. నా మొదటి కాయితం వానపాముల గుంపులా వచ్చింది. పదో రోజుకి ఒక వరస కనబడింది.

ఇంత నెమ్మది ఒక్కరోజులో రాలేదు. 1965లో మోల్డె జాజ్ ఉత్సవంలో అమెరికన్ సంగీతకర్త జార్జ్ రసెల్ ఈ కుర్రాణ్ణి విని తన బృందాల్లోకి తీసుకున్నాడు. తర్వాత ట్రంపెట్ వాదకుడు డాన్ చెర్రీ నార్వే వచ్చి, మీ ఊళ్ల పాటలు వాయించరేం అని అడిగాడు. గార్బరెక్ దారి అక్కడ మలుపు తిరిగిందని నా లెక్క. 1970లో మ్యూనిక్‌కి చెందిన ఈసీఎమ్ రికార్డుల సంస్థకి ‘ఆఫ్రిక్ పెప్పర్‌బర్డ్’ చేశాడు. టెర్యె రిప్‌డాల్ గిటార్, ఆరిల్డ్ ఆండెర్సెన్ బాస్, యూన్ క్రిస్టెన్సెన్ డ్రమ్స్. అప్పటికి కోపంగా, గరుకుగా ఉంటాడు. 1972లో చేసిన ‘ట్రిప్టికాన్’లో అంతా అరుపులే, కానీ అందులోనే ‘బ్రూరెమార్ష్’ అనే పెళ్లి ఊరేగింపు జానపదం ఉంటుంది. పెళ్లి పాటని చిత్రహింస పెట్టినట్టు వాయించారని మొదట్లో అనిపిస్తుంది. రెండుసార్లు వినండి.

పియానో వాదకుడు కీత్ జారెట్ నలుగురి యూరప్ బృందంలో ఉండి గార్బరెక్ చేసిన ‘బిలాంగింగ్’ (1974), ‘మై సాంగ్’ (1977) గురించి రెండో పాఠంలో చెప్పుకున్నాం. మళ్లీ చెప్పను.

మనవాళ్లతో చేసినవీ ఉన్నాయి. కర్ణాటక వయొలిన్ ఎల్. శంకర్ ‘సాంగ్ ఫర్ ఎవ్రీవన్’ (1984)లో తాళవాద్యాల జాకిర్ హుస్సేన్, త్రిలోక్ గుర్తు ఇద్దరి పక్కన గార్బరెక్ ఉన్నాడు. జాకిర్ ‘మేకింగ్ మ్యూజిక్’లో హరిప్రసాద్ చౌరసియా వేణువుకి జోడీగా ఉన్నాడు. పాకిస్తాన్ గాయకుడు ఉస్తాద్ ఫతే అలీ ఖాన్‌తో ‘రాగాస్ అండ్ సాగాస్’ చేశాడు. వాటిలో ఈయన ఎక్కడా మన రాగం వాయించాలని పోటీ పడడు. గాయకుడు ఆగిన చోట ఒక గీత గీసి ఊరుకుంటాడు. అది నాకు నచ్చుతుంది. ఇక తొంభైల్లో సింథసైజర్లు పరిచి చేసినవాటిలో కొన్ని నాకు మరీ మెత్తగా తోస్తాయి. మీకు నచ్చితే నాతో దెబ్బలాడండి.

ఇక అసలు సాధన. 1993 సెప్టెంబర్‌లో ఆస్ట్రియాలోని సాంక్ట్ గెరోల్డ్ మఠంలో రికార్డు చేసిన ‘ఆఫీషియం’. నలుగురు గాయకుల హిల్యర్డ్ ఎన్సాంబుల్ వందల ఏళ్లనాటి చర్చి పాటలు పాడుతుంటే గార్బరెక్ పక్కన సాక్సోఫోన్ అందుకుంటాడు. పది లక్షలకి పైగా అమ్ముడైంది. ఇది జాజేనా అని అప్పుడూ అడిగారు, ఇప్పుడూ అడుగుతారు. నేనైతే మొదటిసారి విన్నప్పుడు నిద్రపోయాను, కాబట్టి మాట్లాడే హక్కు నాకు లేదు.

అందులో పదహారో శతాబ్దపు స్పెయిన్ సంగీతకర్త మొరాలెస్ రాసిన ‘పార్చె మిహి దోమినె’ మూడుసార్లు వస్తుంది. మాటలు బైబిల్ యోబు గ్రంథంలోవి: ప్రభూ నన్ను వదిలిపెట్టు, నా రోజులు ఏపాటివి అని. మూడింట్లో మధ్యది సాక్సోఫోన్ లేకుండా వట్టి గొంతులే. మన పాఠానికే చేసినట్టుంది.

ముందు ఆ మధ్యదాన్ని వినండి. గొంతులు నాలుగూ కలిసి ఒక్కో అక్షరం మీద ఆగి, కదిలి, మళ్లీ ఆగుతాయి. రాతి కట్టడంలో ఆ స్వరాలు ఆగాక కూడా కాసేపు తిరుగుతుంటాయి. గార్బరెక్ నిలబడాల్సింది ఆ తోకల మధ్యే. తొందరపడితే తన స్వరం ముందువాళ్ల తోకమీద పడి గజిబిజి అవుతుంది. ఇప్పుడు మొదటి ‘పార్చె మిహి’ పెట్టండి. గొంతులు ఎక్కడ ఆగాయో అక్కడ వేలితో బల్లమీద కొట్టండి. సాక్సోఫోన్ మీ వేలికి ముందు వచ్చిందా, తర్వాతా? కొన్నిచోట్ల గొంతులు ఎత్తిన స్వరంలోంచే ఇది పుట్టినట్టుంటుంది, ఏది గొంతో ఏది సాక్సోఫోనో తెలియదు. సోప్రానో సాక్సోఫోన్ మనిషి గొంతుకి ఎంత దగ్గరో ఆ క్షణాల్లో అర్థమవుతుంది. ఆ చోట్లు కాయితం మీద సున్నా చుట్టండి. నాకు మూడు దొరికాయి. మీకు ఎక్కువ దొరకొచ్చు.

ఇంటిపని: మూడోసారి వచ్చే ‘పార్చె మిహి’ని గీతలుగా గీసి, మొదటిదాని పక్కన పెట్టి చూడండి. ఒకే పాట, ఒకే మనిషి. రెండు కాయితాలూ ఒకలా ఉండవు.

వచ్చే పాఠంలో ఈయన బృందంలో ఏళ్ల తరబడి బాస్ వాయించిన ఎబర్‌హార్డ్ వెబర్. 2007లో పక్షవాతం వచ్చి ఆయన వాయించడం ఆగిపోయింది. తర్వాత వెబర్, గార్బరెక్ కచేరీల్లో తాను అంతకుముందు వాయించిన సోలోల రికార్డులు ముందేసుకుని, వాటినుంచే 2012లో ‘రెజుమే’ అనే ఆల్బమ్ కట్టాడు. వినే ముందు కాయితాలు సిద్ధం చేసుకోండి, ఈసారి పెద్దవి కావాలి.