బ్యాంకాక్‌లో ఒక్కరోజు గైడెడ్ టూర్: ఎలా ప్లాన్ చేసుకోవాలి?

బ్యాంకాక్ వెళ్లొచ్చిన మనవాళ్లను "గ్రాండ్ ప్యాలెస్ చూశారా?" అని అడిగితే, చాలామంది బయటి నుంచి చూశామనో, టైమ్ చాల్లేదనో చెబుతారు. మొదటిసారి మాకూ అదే జరిగింది. ప్యాకేజీలో "సిటీ అండ్ టెంపుల్ టూర్" అని రాసుంది. బస్సు రెండు గుళ్ల దగ్గర ఇరవయ్యేసి నిమిషాలు ఆగింది, ఆ తర్వాత ఒక రత్నాల షోరూమ్‌లో గంటకు పైగా కూర్చోబెట్టారు. రెండోసారి అమ్మానాన్నలను తీసుకెళ్లినప్పుడు రోజంతా ఒక గైడును పెట్టుకుని, ఎక్కడెక్కడ ఆగాలో మేమే రాసుకుని వెళ్లాం. ఒకే ఊరు అయినా రెండు రోజులకూ పోలికే లేదు. ఆ రెండో రోజు ఎలా నడిచిందో, మీరు వెళ్తే ఏమేం చూసుకోవాలో వరుసగా చెబుతాను.

ముందు టూర్ రకం తేల్చుకోండి

ట్రావెల్ ఏజెంట్లు రెండు మాటలు వాడుతుంటారు. ఎస్‌ఐసి అంటే పదిమందితో కలిసి ఒకే బస్సులో వెళ్లడం. ప్రైవేట్ అంటే కారు, గైడు మీకే. ఇద్దరే అయితే ఎస్‌ఐసి చవక. నలుగురైదుగురు ఉండి, అందులో పెద్దవాళ్లు కూడా ఉంటే ప్రైవేటే నయం. తలా ఇంత పంచుకుంటే తేడా అనుకున్నంత ఉండదు. పైగా అమ్మ కాళ్లు నొప్పులంటే ఆగొచ్చు, బస్సులో ముప్పైమంది మనకోసం ఎదురుచూస్తున్నారన్న టెన్షన్ ఉండదు.

డబ్బు కట్టే ముందు ఈ నాలుగూ వాట్సాప్‌లో రాతపూర్వకంగా అడగండి. గ్రాండ్ ప్యాలెస్ లోపలికి తీసుకెళ్తారా, లేక బయటి నుంచి చూపించి వచ్చేస్తారా? ఎంట్రీ టికెట్లు ధరలో కలిసే ఉన్నాయా? షాపింగ్ స్టాపులు ఎన్ని? గైడుకు లైసెన్స్ ఉందా? షాపింగ్ స్టాపులు వద్దంటే కొందరు ధర పెంచుతారు. ఆ కాస్త ఎక్కువ ఇవ్వడమే మంచిది. ధర మరీ తక్కువగా ఉందంటే ఆ లోటు షోరూముల కమీషన్‌తో పూడ్చుకుంటారన్నమాట.

లైసెన్స్ సంగతి తేలిగ్గా తీసుకోకండి. థాయ్ చట్టం ప్రకారం టూర్ గైడు పని థాయ్ పౌరులే చేయాలి. మన ఊరి నుంచి గ్రూపుతో వచ్చే తెలుగు టూర్ మేనేజర్ మీ బాగోగులు చూసుకోవచ్చు గానీ, గుళ్లో నిలబడి వివరించాల్సింది లైసెన్స్ ఉన్న స్థానిక గైడే. వాళ్లు మెడలో ఫొటో కార్డు వేసుకుంటారు.

బయల్దేరే ముందు

2025 మే 1 నుంచి థాయ్‌లాండ్‌లో దిగే విదేశీయులందరూ డిజిటల్ అరైవల్ కార్డు నింపాలి. దిగే రోజుకు మూడు రోజుల ముందు నుంచి ఆన్‌లైన్‌లో నింపొచ్చు, ఫీజు లేదు. డబ్బు అడిగే సైటు కనిపిస్తే అది అధికారికం కాదు. వీసా నిబంధనలు తరచూ మారుతుంటాయి కాబట్టి టికెట్ కొనే ముందు ఎంబసీ సైటు చూసుకోండి.

అక్కడి టైమ్ మనకన్నా గంటన్నర ముందు. గైడు ఏడున్నరకు లాబీలో ఉండమంటే మన ఒంటికి అది ఉదయం ఆరు. అందుకే దిగిన మర్నాడే ఈ టూర్ పెట్టుకోవద్దని నా సలహా. నెలల్లో నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా హాయిగా ఉంటుంది. ఏప్రిల్ ఎండ మన విజయవాడ ఎండను గుర్తు చేస్తుంది.

బట్టల విషయంలో గ్రాండ్ ప్యాలెస్ వాళ్లు చాలా కచ్చితం. షార్ట్స్, స్లీవ్‌లెస్, చిరుగుల జీన్స్, ఒంటికి అతుక్కునే లెగ్గింగ్స్ వేసుకుంటే గేటు దగ్గరే ఆపేస్తారు. స్లీవ్‌లెస్ మీద చున్నీ కప్పుకున్నా ఒప్పుకోకపోవచ్చు. భుజాలు కప్పే జాకెట్టుతో కాటన్ చీర, చుడీదార్, ఫుల్ ప్యాంటు, చేతుల చొక్కా ఉంటే ఏ ఇబ్బందీ లేదు. చెప్పులు సులువుగా విప్పి తొడుక్కునేవి వేసుకోండి, రోజంతా అదే పని.

గైడుకు ముందే ఒక మాట చెప్పండి

కారెక్కగానే మా గైడుకు నాన్న చెప్పిన మొదటి మాట, "మాకు రామాయణం తెలుసు" అని. ఆవిడ ముఖం వెలిగిపోయింది. మామూలుగా టూరిస్టులకు రాముడెవరు, సీత ఎవరు అన్న దగ్గర్నుంచి మొదలుపెట్టాలట. మాతో నేరుగా కథలోకే దిగిపోయింది. మీరూ ఈ మాట చెప్పండి. థాయ్ రామాయణాన్ని రామకియన్ అంటారు. సగం కథ మనకు చిన్నప్పుడే తెలుసు, మిగతా సగం వినడానికే గైడు కావాలి.

ఊరి పేరుతోనే మొదలుపెట్టొచ్చు. థాయ్ వాళ్లు దాన్ని బ్యాంకాక్ అనరు, క్రుంగ్ థేప్ అంటారు, అంటే దేవతల నగరం. పూర్తి పేరు ప్రపంచంలోకెల్లా పొడవైన ఊరి పేరని చెబుతారు. గైడును ఒక్కసారి పూర్తిగా పలకమనండి. మహానఖోన్, నొప్పరత్ రచ్చథాని, ఉదొమ్ రచ్చనివెత్, అవతాన్ సథిత్, విత్సనుకమ్ ప్రసిత్ అంటూ సాగుతుంది. చెవి కాస్త అలవాటు పడితే మహానగర, నవరత్న రాజధాని, ఉత్తమ రాజనివేశన, అవతార స్థిత అని వినిపిస్తాయి. ఇంద్రుడు ఇస్తే విశ్వకర్మ కట్టిన నగరమని చివర్లో వస్తుంది.

ఉదయం: గ్రాండ్ ప్యాలెస్‌కే మొదటి రెండున్నర గంటలు

ప్యాలెస్ ఎనిమిదిన్నరకు తెరుస్తారు, మధ్యాహ్నం మూడున్నరకు టికెట్లు ఆపేస్తారు. ఎనిమిదింపావుకల్లా గేటు దగ్గర ఉండండి. పది దాటితే టూర్ బస్సులన్నీ ఒకేసారి దిగుతాయి, నీడ ఉన్న ప్రతిచోటా జనమే. టికెట్ విదేశీయులకు 500 బాత్. రాజ కార్యక్రమాలుంటే కొన్ని భాగాలు మూసేస్తారు కాబట్టి, వెళ్లే ముందు అధికారిక సైటులో చూసుకోండి. రోడ్డు మీద ఎవరైనా వచ్చి "ఈరోజు ప్యాలెస్ మూసేశారు, వేరే గుడి చూపిస్తాను" అంటే నమ్మకండి. అది పాత మోసం, వాళ్లు ఎక్కించే టుక్‌టుక్ ఆటో చివరికి వెళ్లి ఆగేది రత్నాల దుకాణం ముందే. సాయం కావాలంటే టూరిస్ట్ పోలీస్ నంబరు 1155.

ఇప్పటి థాయ్ రాజవంశంలో మొదటివాడైన మొదటి రామ రాజు 1782లో రాజధానిని చావో ఫ్రయా నది ఇవతలి ఒడ్డుకు మార్చి ఈ ప్యాలెస్ మొదలుపెట్టాడు. ఇప్పటి రాజు పదో రామ. లోపలే వాట్ ప్రకేవ్ గుడి ఉంది, అందులో మరకత బుద్ధుడు. పేరు మరకతమే అయినా ఆకుపచ్చ జేడు రాయి, 66 సెంటీమీటర్ల విగ్రహం. ఏడాదిలో మూడు రుతువులకు మూడు రకాల వస్త్రాలు, మార్చేది స్వయంగా రాజే. లోపల ఫొటోలు తీయనివ్వరు. కూర్చుంటే పాదాలు విగ్రహం వైపు చాపకూడదు, కాళ్లు వెనక్కి మడుచుకోవాలి.

ఇక్కడ చాలా గ్రూపులు బుద్ధుణ్ని చూసి వెళ్లిపోతాయి. మీరు మాత్రం గుడి చుట్టూ ఉన్న వసారాలోకి నడవండి. గోడల పొడవునా 178 చిత్రాల్లో మొత్తం రామకియన్ కథ ఉంది. ఉత్తరపు ద్వారం దగ్గర జనకుడికి సీత దొరకడంతో మొదలై, ప్రదక్షిణంగా సాగుతుంది. అన్నీ చూడాలంటే రోజు చాలదు. గైడును మూడు నాలుగు ఘట్టాల దగ్గరికి తీసుకెళ్లమనండి. హనుమంతుడు తన తోకనే వారధిగా చాచితే సైన్యం దాని మీద నడిచి వెళ్లే చిత్రం ఒకటుంది. దగ్గరికెళ్లి చూస్తే బంగారు రేకుతో అద్దిన కిరీటాలు, వాటి కింద వేలెడంత సైనికులు, ఒక్కొక్కరి ముఖం ఒక్కో తీరు. ఈ కథలో హనుమంతుడు బ్రహ్మచారి కాదు. సీత, రావణుడికి పుట్టి నీళ్లలో వదిలేసిన బిడ్డ. రావణుణ్ని తొసకాన్ అంటారు, మన దశకంఠుడే.

ద్వారాల దగ్గర కాపలా కాసే నిలువెత్తు రాక్షసులు పన్నెండుమంది. ఒకరి పేరు మైయరాప్ అని గైడు చెప్పగానే అమ్మ ఆగిపోయింది. "మైరావణుడా?" అంది. రామలక్ష్మణులను పాతాళానికి ఎత్తుకుపోయిన మైరావణుడి కథ అమ్మకు వాళ్ల అమ్మమ్మ చెప్పిందట. హనుమంతుడు పాతాళానికి వెళ్తే దారిలో అడ్డుకున్నది ఆయన కొడుకే, మత్స్యవల్లభుడు. అమ్మ తెలుగులో చెబుతుంటే నేను ఇంగ్లీషులో చెప్పాను. గైడు రెండు చేతులతో నోరు మూసుకుని, వాళ్ల కథలోనూ ఆ కొడుకు ఉన్నాడని, పేరు మచ్చాను అని, నడుం కింద చేప తోక ఉంటుందని చెప్పింది. ఎండలో ఆ విగ్రహం పాదాల దగ్గర పావుగంట ఇద్దరూ కథ ఒప్పచెప్పుకున్నారు. ఈ పావుగంట కోసమే నేను ఇదంతా రాస్తున్నాను. ఆరు గుళ్లు పెట్టుకున్న రోజున ఇలాంటి పావుగంట దొరకదు.

వాట్ పో, తర్వాత భోజనం

ప్యాలెస్ నుంచి దక్షిణంగా నడిచి వెళ్లేంత దూరంలో వాట్ పో. శయన బుద్ధుడి పొడవు 46 మీటర్లు, ఎత్తు 15. గుమ్మంలో నిలబడితే మొత్తం విగ్రహం కంటికి ఆనదు. చివరిదాకా నడిచి అరికాళ్లు చూడండి, ముత్యపు చిప్పతో పొదిగిన 108 మంగళ చిహ్నాలున్నాయి. గోడ పక్కన 108 కంచు పాత్రలు వరుసగా ఉంటాయి. అక్కడే 20 బాత్‌లకు చిల్లర నాణేల గిన్నె ఇస్తారు, ఒక్కో పాత్రలో ఒక్కోటి వేస్తూ నడవాలి. హాలంతా ఆ టింగు టింగుమనే చప్పుడే. పిల్లలుంటే ఈ పని వాళ్లకే అప్పగించండి.

వాట్ పో థాయ్ మసాజ్‌కు పుట్టిల్లు లాంటిది, ఆవరణలోనే మసాజ్ చేస్తారు. పెద్దవాళ్లకు అరగంట పాదాల మసాజ్ చేయిస్తే మధ్యాహ్నం మళ్లీ నడవగలుగుతారు. మా నాన్నకు బాగా పనికొచ్చింది.

భోజనం గురించి శాకాహారులు ముందే గైడుతో మాట్లాడాలి. వెజ్ అని చెబితే కూరగాయలే వేస్తారు గానీ అందులో ఫిష్ సాస్ పడుతుంది. అడగాల్సిన మాట "జే". ఉల్లి, వెల్లుల్లి కూడా లేని శుద్ధ శాకాహారం అది. అలాంటి కొట్ల ముందు పసుపు జెండా మీద ఎర్ర అక్షరం ఉంటుంది. గుడ్డు, పాలు పర్వాలేదంటే "మంగ్‌సవిరత్" అనొచ్చు. అది మాంసవిరతి అన్న సంస్కృత పదమే. మన తిండే కావాలంటే దగ్గర్లోని పహురత్ వీధికి తీసుకెళ్లమనండి. బ్యాంకాక్ లిటిల్ ఇండియా అదే, గురుద్వారా కూడా అక్కడే.

మధ్యాహ్నం నది దాటండి

వాట్ పో వెనకే థా తియెన్ రేవు. కారును అవతలికి పంపేసి మీరు మాత్రం ఫెర్రీ ఎక్కండి. కొద్ది బాత్‌లతో చావో ఫ్రయా నది దాటిస్తుంది. ఎదురుగా వాట్ అరుణ్, సూర్యుడి సారథి అరుణుడి పేరున్న గుడి. దూరానికి రాతి గోపురంలా కనిపిస్తుంది. దగ్గరికెళ్తే ఒళ్లంతా పింగాణీ ముక్కలు, చిన్న చిన్న పువ్వులుగా అమర్చినవి. మెట్లు నిటారుగా ఉంటాయి, మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కింద నీడలో కూర్చోవడమే మంచిది.

తర్వాత ఒకే ఒక్క చోటు, చైనాటౌన్ అంచున ఉన్న వాట్ ట్రైమిత్. ఐదున్నర టన్నుల బంగారు బుద్ధుడు. శత్రువుల కంట పడకుండా ఎప్పుడో సున్నం పూసేశారు. ఆ తర్వాత అందరూ మర్చిపోయారు. ఇరవై ఏళ్లు రేకుల కప్పు కింద మామూలు సున్నపు బొమ్మగానే ఉంది. 1955లో కొత్త చోటికి ఎత్తుతుంటే తాడు తెగి కిందపడింది, పెచ్చు ఊడి లోపల బంగారం కనిపించింది. మరకత బుద్ధుడిదీ ఇలాంటి కథే. 1434లో చియాంగ్ రాయ్‌లో దొరికినప్పుడు సున్నం పూతే ఉందని, ముక్కు దగ్గర పెచ్చు ఊడితే ఆకుపచ్చ రాయి బయటపడిందని అక్కడి పాత చరిత్రలు చెబుతాయి. పొద్దున అది, సాయంత్రం ఇది చూస్తే రెండు కథలూ కలిసొస్తాయి. అందుకే ఈ గుడిని చివర్లో పెట్టుకోండి, కానీ ఐదుకు మూసేస్తారు కాబట్టి నాలుగుకల్లా చేరుకోవాలి.

రోజు ముగించేటప్పుడు

గైడు అక్కడి నుంచి షోరూమ్ మాట ఎత్తితే నవ్వుతూ "వద్దండీ" అంటే చాలు, బలవంతం చేయరు. గుళ్లలో భిక్షువులను ఆడవాళ్లు తాకకూడదు, రాజు గురించి తేలిక మాటలు ఎక్కడా అనకూడదు, అది అక్కడ పెద్ద నేరం. సాయంత్రం ఆరుకు పార్కులోనో స్టేషన్లోనో జాతీయగీతం వినిపిస్తే అందరితోపాటు నిలబడండి.

టిప్ తప్పనిసరి కాదు గానీ, రోజంతా మనతో ఎండలో నడిచిన మనిషికి ఇవ్వాలనే నేనంటాను. డ్రైవరుకు విడిగా ఇవ్వండి, గైడు చేతికే మొత్తం ఇస్తే పంపకం ఇబ్బంది. పిలవడంలో వాళ్లకూ మనలాగే వరసలున్నాయి. తనకన్నా పెద్దవాళ్లను పేరు ముందు "ఫీ" అంటారు, అక్కా, అన్నా అన్నట్టు. మేం మా గైడును అలాగే పిలిచాం.

అలసట లేకపోతే కారును పంపేసి చైనాటౌన్‌లోని యావరాత్ వీధిలో దిగండి. చీకటి పడుతుండగా బళ్లు వరుసగా వెలుగుతాయి, దానిమ్మ రసం, మామిడి పండుతో కొబ్బరిపాల అన్నం దొరుకుతాయి. హోటల్‌కు తిరిగి వెళ్లడానికి ఆ పక్కనే వాట్ మంగ్‌కోన్ మెట్రో స్టేషన్ ఉంది.